తండ్రి పేరు రాసే గడి

(సిబ్బంది కుటుంబ సమ్మేళనంలో, పిల్లలకు ప్రతిభా పురస్కారాలు అందజేసిన సందర్భంగా చేసిన ప్రసంగ పాఠం)



'పిల్లల పెంపకం - ఉద్యోగస్థులైన తల్లిదండ్రులు' అన్న విషయం మీద నన్ను మాట్లాడమన్నారు. ఎంబీయే చదివింది కదా, నాలుగు డబ్బాలు గీసి, వాటి మధ్య బాణాలు పెట్టి స్లయిడ్లు తెస్తుందని అనుకుని ఉంటారు. నిజం చెప్పాలంటే తయారు చేశాను కూడా. నిన్న రాత్రి మా అబ్బాయి అవి చూసి, "అమ్మా, ఇది మీ రివ్యూ మీటింగులా ఉంది" అన్నాడు. అంతే, వాటిని ఇంట్లోనే వదిలేసి వచ్చాను. వాటి బదులు సినిమావాళ్ల పిల్లల గురించి మాట్లాడతాను. చూశారా, వెనక వరసవాళ్లు కూడా ఫోన్లు పక్కన పెట్టారు!

ఇందాక పురస్కారాలు ఇస్తున్నప్పుడు ఒక సంగతి గమనించాను. 'ఫలానా ఆఫీసు చీఫ్ మేనేజరు, శ్రీ ఫలానా గారి కుమార్తె...' అని చదువుతున్నారు. ఆఫీసు, హోదా, తండ్రి పేరు, అన్నీ అయ్యాక చివర్లో పిల్ల పేరు. ఆ పేరు వచ్చేలోగా చప్పట్లు మొదలైపోతున్నాయి. ఇద్దరు ముగ్గురి పేర్లు ఆ చప్పట్లలో నాకు వినపడనే లేదు. పరీక్ష రాసిందేమో వాళ్లు! ఎవరినీ తప్పు పట్టడానికి చెప్పడం లేదు. ఆ జాబితా సరిచూసి సంతకం పెట్టింది నేనే.

నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో గోదావరి జిల్లాలో ఒక చిన్న బ్రాంచిలో పనిచేశాను. బళ్లు తెరిచే రోజుల్లో స్కాలర్‌షిప్ ఖాతాల కోసం తల్లులు, పిల్లలు కౌంటరు ముందు బారులు తీరేవారు. ఒకరోజు ఒక తల్లి, పన్నెండేళ్ల కూతురు వచ్చారు. ఫారం అంతా ఆ పిల్లే నింపింది. గుండ్రటి అక్షరాలు, ఎక్కడా కొట్టివేత లేదు. ఒక్క గడి మాత్రం ఖాళీగా ఉంది. "తండ్రి పేరు రాయలేదేం?" అన్నాను. తల్లి ఏదో మెల్లగా చెప్పింది. ఒకపక్క ఫ్యాన్లు, ఇంకోపక్క నోట్లు లెక్కపెట్టే మెషీను, నాకేమీ వినపడలేదు. "గట్టిగా చెప్పమ్మా, నాన్న పేరేంటి?" అని నేనే గట్టిగా అడిగాను. హాల్లో ఉన్నవాళ్లంతా ఇటు తిరిగారు. ఆ పిల్ల పెన్ను తీసుకుని గడిలో ఒక పేరు రాసి, ఫారం నా వైపు జరిపి, తల వంచుకుని నిలబడింది. వాళ్లు వెళ్లాక మా అటెండరు చెప్పాడు, ఆయనకు ఆ ఊళ్లోనే ఇంకో కుటుంబం ఉందని, ఈ ఇంటి వైపు రావడం మానేసి చాలా ఏళ్లయిందని.

ఫారం నింపించడం నా పని. కానీ ఆ తల్లిని లోపలికి పిలిచి, కుర్చీ వేసి అడిగి ఉండవచ్చు. ఆ మాట ఆ రోజు తోచలేదు. ఆ పిల్ల తల వంచుకోవడం మాత్రం నన్ను చాలాకాలం వదల్లేదు. కొన్నేళ్ల తర్వాత, సిమీ గరేవాల్ టీవీ కార్యక్రమంలో నటి రేఖ మాట్లాడుతుంటే చూస్తూ మళ్లీ ఆ కౌంటరు దగ్గరికే వెళ్లిపోయాను.

రేఖ అంటే మనకు హిందీ సినిమా. కానీ ఆమె తల్లి పుష్పవల్లి తెలుగావిడ. పశ్చిమ గోదావరిలోని పెంటపాడు నుంచి వచ్చి, చిన్నప్పుడే 1936 నాటి 'సంపూర్ణ రామాయణం'లో సీతగా వేసింది. తర్వాత 'బాలనాగమ్మ'లాంటి పెద్ద సినిమాల్లో నటించింది. 1947లో జెమినీ స్టూడియో వాళ్ల 'మిస్ మాలిని'లో ఆమె నాయిక. అదే సినిమాలో ఒక చిన్న వేషం వేసిన కుర్రాడు జెమినీ గణేశన్. అప్పటికి ఆమె పేరున్న నటి, ఆయన స్టూడియోలో చిరుద్యోగి. అంతకుముందు మద్రాస్ క్రిస్టియన్ కాలేజీలో కెమిస్ట్రీ చెప్పాడు. స్టూడియో పేరే ఆయన ఇంటిపేరులా నిలిచిపోయింది. తర్వాత కొన్నేళ్లకే తమిళ సినిమాలో అగ్ర నటుల్లో ఒకడయ్యాడు.

ఆయన కుటుంబాల సంగతి 'మహానటి' సినిమా చూసినవాళ్లకు కొంత తెలుసు. 1940లో పెళ్లాడిన అలమేలు గారి ద్వారా నలుగురు ఆడపిల్లలు. పుష్పవల్లి ద్వారా ఇద్దరు, రేఖ, రాధ. మన సావిత్రి గారి ద్వారా ఇద్దరు, విజయ చాముండేశ్వరి, సతీశ్. అందరూ ఒకే ఊళ్లో, మద్రాసులోనే పెరిగారు. అందరికీ తండ్రి ఒక్కరే. మన ఫారాల్లో అందరూ అదే గడిలో అదే పేరు రాయాలి. కానీ ఆ పేరు ఒక్కో ఇంట్లో ఒక్కోలా పలికింది. నేను చెప్పాలనుకున్నది ఇదే. పెద్దవాళ్లు చేసిన పనులను ఇక్కడ నిలబడి తూకం వెయ్యడం నా ఉద్దేశం కాదు. పిల్లల వైపు నుంచే చూద్దాం.

మొదటి ఇంటి పిల్లలకు ఆ పేరు చదువైంది. ఆ అమ్మాయిల్లో కమలా సెల్వరాజ్ గారు డాక్టరయ్యారు. 1990లో దక్షిణ భారతంలో తొలి టెస్ట్‌ట్యూబ్ బేబీ పుట్టుక వెనక ఉన్న డాక్టరుగా ఆమెకు పేరు. చెన్నై నుంగంబాక్కంలో ఆమె నడిపే ఆసుపత్రి పేరు జీజీ హాస్పిటల్. జీజీ అంటే జెమినీ గణేశన్. తండ్రి పేరును ఇష్టంగా గుమ్మం మీద పెట్టుకున్నారు. ఇంకో అమ్మాయి నారాయణి గారు జర్నలిస్టు, తండ్రి మీద 2010లో ఒక పుస్తకమే రాశారు.

రెండో ఇంట్లో భానురేఖ. 1954 అక్టోబరు 10న పుట్టింది. నాలుగేళ్లకే మన తెలుగు సినిమా 'ఇంటిగుట్టు'లో కెమెరా ముందుకు వచ్చింది. తర్వాత బి.ఎన్. రెడ్డి గారి 'రంగులరాట్నం'లోనూ కనిపిస్తుంది. ఎప్పుడైనా ఆ సినిమా మళ్లీ చూస్తే ఆ పిల్లను వెతకండి. చర్చ్ పార్క్ కాన్వెంటులో చదువుకునేది. అదే స్కూల్లో నారాయణి కూడా చదివేది. ఆ వయసు పిల్లలు కొత్తవాళ్లను అడిగే మొదటి ప్రశ్న పేరు, రెండోది 'మీ నాన్న ఎవరు?' కదండీ. ఆ ఇద్దరు పిల్లల దగ్గరా ఆ రెండో ప్రశ్నకు ఉన్న జవాబు ఒకటే.

టీవీ ఇంటర్వ్యూలో ఆమె చెప్పిన సంగతి ఇది. తండ్రిని ఆమె తొలిసారి చూసింది స్కూలు దగ్గరే. ఆయన మిగతా పిల్లలను దింపడానికి వచ్చారు. ఈయనే నాన్న అనుకుంది. ఆయన మాత్రం తనను గమనించి ఉండరని ఆమె అన్నారు. గొంతు పెంచలేదు, కన్నీళ్లు లేవు, మామూలుగా చెప్పారు. అలా మామూలుగా చెప్పడమే నన్ను ఎక్కువ కదిలించింది. ఊరంతా గోడల మీద పోస్టర్లలో ఉన్న ముఖం అది. ఎవరైనా రోడ్డు మీద నిలబడి ఆ ముఖం చూడవచ్చు. ఆ పిల్లకు మాత్రం స్కూలు గేటు దాకా వస్తే తప్ప కనపడలేదు, కనపడినా తన కోసం వచ్చింది కాదు.

ఇంటి అవసరాలు ఆమె చదువును మధ్యలోనే ఆపేశాయి. పధ్నాలుగు, పదిహేనేళ్ల వయసులో షూటింగులకు వెళ్లింది. 1969లో కన్నడంలో రాజ్‌కుమార్ గారి పక్కన నాయిక, 1970లో హిందీలో 'సావన్ భాదో'. అప్పటికి ఆమెకు హిందీ రాదు. మద్రాసు నుంచి వచ్చిన పిల్ల రంగు గురించి, లావు గురించి బొంబాయి పత్రికలు ఏమేం రాశాయో ఇక్కడ చెప్పను, ఆడపిల్లలున్నారు. పదకొండేళ్ల తర్వాత 'ఉమ్రావ్ జాన్'లో ఆమె పలికిన ఉర్దూ విని దేశం ముక్కున వేలేసుకుంది, జాతీయ ఉత్తమ నటి అవార్డు వచ్చింది. 2010లో పద్మశ్రీ ఇచ్చారు, 2012లో రాజ్యసభకు నామినేట్ చేశారు. తెర మీద ఆమె పేరు ఎప్పుడూ ఒకే ఒక్క మాట. రేఖ. ముందూ ఏమీ లేదు, వెనకా ఏమీ లేదు. కొందరు దాన్ని స్టైల్ అంటారు. నాకు మాత్రం మన ఫారంలో ఖాళీగా వదిలేసిన గడి గుర్తొస్తుంది.

మూడో ఇంటి సంగతి మీ అందరికీ తెలిసిందే, వేగంగా చెప్పి ముగిస్తాను. అక్కడ పిల్లలకు తల్లి పేరే పెద్దది. 'చిన్నారి పాపలు' సినిమాకు దర్శకత్వం వహించినప్పటి నుంచి సావిత్రి గారికి డబ్బు ఇబ్బందులు మొదలయ్యాయి. చివరికి దాదాపు 19 నెలలు కోమాలో ఉండి, 1981 డిసెంబరు 26న పోయారు. ఆ 19 నెలల్లో అభిమానులు వచ్చి కిటికీలోంచి చూసిపోయి ఉంటారు, పత్రికలు రాసి ఉంటాయి. మంచం పక్కన కూర్చుని రోజులు లెక్కపెట్టుకోవలసింది మాత్రం పిల్లలే. మహానటి అని మనం అంటాం. వాళ్లకు అమ్మ.

ఇక్కడ మన వృత్తికి సంబంధించిన ఒక చిన్న మాట చెప్పాలి. తండ్రి పేరు, తండ్రి సంతకం అన్నది మనం అనుకున్నంత చిన్న విషయం కాదు, సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. రచయిత్రి గీతా హరిహరన్ 1984లో తన మైనర్ కొడుకు పేరున రిజర్వ్ బ్యాంకు వారి 9 శాతం రిలీఫ్ బాండ్లకు దరఖాస్తు పెట్టారు. గార్డియన్‌గా తానే సంతకం చేశారు. భర్తకు ఏ అభ్యంతరమూ లేదు, ఇద్దరూ కలిసి తీసుకున్న నిర్ణయమే. అయినా తండ్రి సంతకం కావాలి, లేదంటే గార్డియన్‌షిప్ సర్టిఫికెట్ తెమ్మని దరఖాస్తు వెనక్కి వచ్చింది. 1956 చట్టంలో హిందూ మైనరు పిల్లలకు సహజ సంరక్షకుడు తండ్రి, 'అతని తర్వాత' తల్లి అని ఉంది. 'అతని తర్వాత' అంటే అతను చనిపోయాక అనుకున్నారు అందరూ. 1999 ఫిబ్రవరి 17న కోర్టు ఆ మాటకు వేరే అర్థం చెప్పింది. తండ్రి బతికే ఉన్నా పిల్లల మంచీచెడూ పట్టించుకోకపోతే, లేదా ఇద్దరి మధ్య అలాంటి ఒప్పందం ఉంటే, తల్లి సంతకం చెల్లుతుందని తేల్చింది. అంటే ఆ గోదావరి బ్రాంచిలో నేను గట్టిగా అరిచేనాటికే ఈ తీర్పు వచ్చి కొన్నేళ్లయింది. పదోన్నతి పరీక్షకు దాన్ని బట్టీ పట్టి మార్కులు తెచ్చుకున్నాను కూడా. కౌంటరు దగ్గర గుర్తు రాలేదు. 2018 డిసెంబరు 5 నుంచి పాన్ కార్డుకు కూడా, ఒంటరి తల్లి పెంచుతున్న బిడ్డ అయితే, తండ్రి పేరు తప్పనిసరి కాదన్నారు. మన కౌంటర్లలో ఉన్న పిల్లలు, అంటే కొత్తగా చేరిన మన క్లర్కులు, ఆఫీసర్లు ఇది గుర్తు పెట్టుకోవాలి.

సరే, మళ్లీ మద్రాసుకు వెళదాం. పేరు దొరకని పిల్ల కథ చెప్పాను. పేరు ఎక్కువై ఇబ్బంది పడే పిల్లలూ ఉంటారు. 1975లో పదిహేడు రోజుల తేడాతో ఆ ఊళ్లో ఇద్దరు మగపిల్లలు పుట్టారు. జూలై 23న శివకుమార్ గారి అబ్బాయి శరవణన్. ఆగస్టు 9న మన కృష్ణ గారి అబ్బాయి మహేశ్. ఇద్దరూ సెయింట్ బీడ్స్ స్కూల్లో చదివారు. ఇద్దరూ లయోలా కాలేజీలో బీకాం. మనవాళ్లే అన్నమాట, డెబిట్, క్రెడిట్ చదివినవాళ్లే!

కృష్ణ గారి వేగం మీకు తెలుసు. 1972లో ఒక్క ఏడాదిలో ఆయనవి 18 సినిమాలు వచ్చాయి. అలాంటి మనిషి ఇంటికి ఎప్పుడు వస్తాడు? మహేశ్ ఎక్కువగా అమ్మమ్మ దగ్గర పెరిగాడు. శని, ఆదివారాల్లో పిల్లలతో గడపడానికి కృష్ణ గారు షూటింగునే సముద్రం ఒడ్డున వీజీపీ గోల్డెన్ బీచ్‌లో పెట్టించుకునేవారట. మనం సెలవు దొరక్క పిల్లల్ని బ్రాంచికి తీసుకొచ్చి స్టోర్‌రూమ్‌లో కూర్చోబెట్టి హోంవర్కు చేయిస్తాం చూడండి, అలాగన్నమాట. నాలుగేళ్లకే 'నీడ'లో కనిపించాడు, తర్వాత బాలనటుడిగా జనం వెర్రిగా ఇష్టపడ్డారు. అలా ఆడుతున్న పిల్లవాడిని 1990లో 'బాలచంద్రుడు' తర్వాత తండ్రి ఆపించేశారు. ముందు చదువు పూర్తిచెయ్యి అన్నారు. మళ్లీ తెర మీదికి వచ్చింది 1999లో 'రాజకుమారుడు'తో. మధ్యలో తొమ్మిదేళ్లు. డబ్బులు కాసే చెట్టు ఇంట్లో పెట్టుకుని, కాపు కొయ్యకుండా తొమ్మిదేళ్లు ఆగడం నిర్మాత కూడా అయిన మనిషికి తేలిక కాదు. కృష్ణ గారి సాహసాల గురించి మాట్లాడేవాళ్లు సినిమాస్కోప్, డెబ్భై ఎమ్మెమ్ అంటారు. నన్నడిగితే ఇదీ అందులో చేర్చాలి.

ఇంకో మాట. మద్రాసులో పెరగడం వల్ల తనకు తెలుగు చదవడం, రాయడం రాదని మహేశ్‌బాబు గారే చెప్పుకున్నారు. డైలాగులు విని కంఠతా పడతారట. నవ్వకండి. భోపాల్‌లో, భువనేశ్వర్‌లో, చెన్నైలో బదిలీల మీద తిరిగిన మన పిల్లల్లో ఎంతమంది మన ఈ పత్రికను చదవగలరు? మా అబ్బాయి కూడబలుక్కుంటాడు. ఈ ప్రసంగం అచ్చయితే వాడికి నేనే చదివి వినిపించాలి.

ఇక శివకుమార్ గారి ఇల్లు. శివకుమార్ గారు తండ్రిని పసితనంలోనే పోగొట్టుకున్నారు. మద్రాసు వచ్చి చిత్రలేఖనం నేర్చుకుని, 1965లో సినిమాల్లోకి వచ్చారు. క్రమశిక్షణ గల మనిషి అని పేరు. ఆయన పెద్దబ్బాయి బీకాం అయ్యాక ఏం చేశాడో తెలుసా? బట్టలు ఎగుమతి చేసే ఫ్యాక్టరీలో చేరాడు. మొదట్లో నెలకు 1,200 రూపాయల జీతం. ఫలానా నటుడి కొడుకునని యజమానికి చెప్పలేదు. ఆయనకు తర్వాతెప్పుడో తెలిసింది. ఎప్పటికైనా సొంత ఫ్యాక్టరీ పెట్టుకోవాలి, నాన్న పెట్టుబడి పెడతారు అని ఆ అబ్బాయి ఆశ.

ఒకరోజు వాళ్లమ్మ అన్నం పెడుతూనో మామూలు మాటల్లోనో ఒక విషయం బయటపెట్టింది. ఇంటి ఖర్చుల కోసం 25,000 రూపాయలు అప్పు చేశాను, మీ నాన్నకు తెలియదు అని. అబ్బాయి బిత్తరపోయాడు. మరి మన బ్యాంకు బ్యాలెన్సు? పొదుపు? ఖాతాలో ఎప్పుడూ లక్ష దాటి లేదని తల్లి చెప్పింది. ఈ సంగతులన్నీ ఆయనే 2024లో ఒక ఇంటర్వ్యూలో చెప్పారు. ఆ 25,000 తీర్చడానికే సినిమాలో నటించడానికి ఒప్పుకున్నానని, అలా వచ్చిన వాడినే మీ సూర్యనయ్యానని. 1997లో 'నేరుక్కు నేర్' మొదటి సినిమా. పేరు కూడా మారింది. శరవణన్ అనే నటుడు అప్పటికే ఉండటంతో మణిరత్నం గారు సూర్య అని పెట్టారు. 'గజిని', 'సింగం', 'జై భీమ్' చూసిన పిల్లలూ, విన్నారుగా, అదంతా ఒక చేబదులుతో మొదలైంది.

బ్యాంకు ఉద్యోగిగా ఈ కథ విన్నప్పుడు నాకు ముందు తోచింది ఏమిటంటే, ఆ తల్లి మన దగ్గరికి రాలేదు. నలుగురికీ తెలిసిన నటుడి భార్య బ్యాంకు మెట్లు ఎక్కి పాతిక వేల అప్పు అడగలేదు. అడిగితే పేరు పోతుంది. పేరున్న ఇంట్లో ఇబ్బంది వస్తే దాన్ని దాచుకోవలసిన భారం ఇంట్లోని ఆడవాళ్ల మీద పడుతుంది, తర్వాత పిల్లల మీద పడుతుంది. ఇది సినిమావాళ్లకే కాదు. మన దగ్గర పనిచేసే వాళ్ల ఇళ్లలో కూడా 'బ్యాంకు మేనేజరు గారింట్లో అప్పేమిటి' అని బయట నోరు విప్పనివాళ్లు ఎంతమంది ఉన్నారో నాకు కొంత తెలుసు, పేర్లు చెప్పను. రెండోది, ఆ అబ్బాయికి తన ఇంటి లెక్క అప్పటిదాకా తెలియదు. తెలిశాక మాత్రం నాన్న పేరు చెప్పుకుని ఎవరి దగ్గరా డబ్బు తేలేదు. పనిలోకి వెళ్లాడు.

మన వృత్తిలోకి వచ్చి వెళ్లిపోయిన నటుల బిడ్డ కూడా ఒకరున్నారు, చెప్పకపోతే బాగుండదు. శర్మిలా టాగోర్, పటౌడీ నవాబు గారి అమ్మాయి సోహా అలీఖాన్. ఆక్స్‌ఫర్డ్‌లో, లండన్‌లో చదువుకుని సిటీబ్యాంకులో పనిచేశారు, తర్వాత సినిమాల్లోకి వెళ్లారు. తల్లి, తండ్రి, అన్న, వదిన అందరూ పెద్ద పేరున్నవాళ్లయితే తనకున్న ఒక మోస్తరు పేరుతో పడే పాట్లు సరదాగా పుస్తకంగా రాశారు, 2017లో వచ్చింది. మన టార్గెట్లకు భయపడే బ్యాంకు మానేసిందని మా బ్రాంచిలో ఒకాయన తేల్చేశారు. నేను వాదించలేదు.

ఇప్పుడు మా ఇంటి సంగతి ఒకటి చెప్పి ఆపేస్తాను. కిందటి పోస్టింగులో నేనొక చిన్న ఊళ్లో బ్రాంచి మేనేజరుని. మావారి ఉద్యోగం వేరే ఊళ్లో. మా అబ్బాయి అక్కడి స్కూల్లో ఆరో తరగతి. చేరిన వారానికే వాడు 'మేనేజరమ్మ గారి అబ్బాయి' అయిపోయాడు. ఊరు చిన్నది, బ్యాంకు ఒక్కటే. నాకు అది ముచ్చటగానే ఉండేది. క్లాసు లీడర్‌ను చేశారంటే వాడి తెలివే అనుకున్నాను. ఒకరోజు వాడు ఇంటికొచ్చి, బంగారం లోనుకు గ్రాముకు ఎంత ఇస్తున్నారో టీచరు గారు కనుక్కుని రమ్మన్నారు అన్నాడు. చెప్పి పంపాను. ఇంకో నెలకు పీఈటీ సారు వాళ్ల నాన్నగారి పంట రుణం ఎందుకు ఆగిందో అడగమన్నారు. ఆ రుణం కాగితాలు సరిగా లేక నేనే తిప్పి పంపాను. ఆ సంగతి పిల్లవాడికి చెప్పే విషయమా? సార్‌ను బ్యాంకుకు రమ్మను అన్నాను. తర్వాతి వారం స్కూలు కబడ్డీ జట్టులో వాడి పేరు లేదు. దీనికీ దానికీ సంబంధం ఉందో లేదో నాకు ఇప్పటికీ తెలియదు. వాడు మాత్రం ఉందనే అనుకున్నాడు. ఎంతకాలం అనుకున్నాడో కూడా నాకు తెలియదు, ఎందుకంటే ఆ మార్చిలో నేను రోజూ రాత్రి తొమ్మిదింటికి ఇంటికి చేరేదాన్ని.

ఈ ఊరికి బదిలీ అయ్యాక కొత్త స్కూలు అప్లికేషను వాడే నింపాడు. తల్లి వృత్తి అన్న దగ్గర 'ఉద్యోగం' అని రాసి ఊరుకున్నాడు. "ఏ ఉద్యోగమో రాయరా" అన్నాను. "వద్దమ్మా, ఇక్కడ ముందు కబడ్డీ ఆడతాను, తర్వాత చెబుదాం" అన్నాడు. పన్నెండేళ్ల పిల్లవాడు. ఫ్యాక్టరీలో తండ్రి పేరు చెప్పని సూర్య కథ నాకు అప్పటికే తెలుసు, ఎన్నోసార్లు గొప్పగా చెప్పాను కూడా. మా అబ్బాయి అదే పని చేసేసరికి నాకు కొంచెం బాధేసింది. ఆ మాట దాచను. ఇరవై ఏళ్లు కష్టపడి తెచ్చుకున్న హోదా కదా, నా కొడుకుకు అది అడ్డం అయిందా అనిపించింది. రెండు రోజులు సరిగా మాట్లాడలేదు. తర్వాత ఫారం తీసి, వాడు రాసినదాని కింద అలాగే సంతకం పెట్టాను. ఈ ఏడాది జిల్లా జట్టులో ఆడుతున్నాడు. బాగానే ఆడతాడు, మరీ గొప్పగా ఏమీ కాదు.

నిర్వాహకులకు ఒక మనవి. వచ్చే ఏడాది జాబితా నమూనా నేను మార్చి పంపుతాను. మొదటి గడిలో పిల్ల పేరు, రెండో గడిలో ఏం సాధించింది. తల్లి పేరు, తండ్రి పేరు చివర్లో, హోదాలు లేకుండా. ఎవరికైనా చివరి గడుల్లో ఏదైనా ఖాళీ ఉంటే ఎందుకు ఖాళీ అని మైకులో అడగొద్దు.

అలాగే ఇందాక ఏడో పేరుగా పిలిచిన అమ్మాయి, పచ్చ గౌను వేసుకున్నావు, నీ పేరు చప్పట్లలో వినపడలేదమ్మా. భోజనాల దగ్గర నా పక్కన కూర్చో, చెబుదువుగాని. ఇప్పటికే ఆలస్యం చేశాను, క్షమించండి.